పేపరుకెక్కిన పోరాటం: నెల్లూరు, 1992

మా పెద్దమ్మ ట్రంకుపెట్టెలో, పట్టాదారు పాసుపుస్తకానికీ పెదనాన్న డెత్ సర్టిఫికెట్‌కీ మధ్య, ఒక పేపర్ కటింగ్ ఉంది. అరచేతి వెడల్పు ముక్క. పత్రిక పేరుండే పైభాగం లేదు కాబట్టి అది ఏ పేపరో తెలీదు, ఆమెకీ గుర్తులేదు. 1992లోదని మాత్రం కచ్చితంగా చెప్తుంది. అందులో ఒక ఫొటో. ఏడుగురు ఆడవాళ్లు కొంగులు నడుముకు చుట్టి, చీపుర్లు పైకెత్తి నిలబడ్డారు. ఎడమ నుంచి మూడో మనిషి మా పెద్దమ్మ. ఫొటో కింద, సారా మీద సమరశంఖం పూరించిన గ్రామ మహిళలు అని ఒక లైను.

చిన్నప్పుడు ఆ కటింగ్ చూసి గర్వపడేవాణ్ని. హాస్టల్లో స్నేహితులకి చెప్పుకునేవాణ్ని కూడా, మా పెద్దమ్మ పేపర్లో పడిందని. పోయిన సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు మళ్లీ అడిగి తీయించుకున్నాను, ఫోన్‌తో ఫొటో తీసుకుందామని. ఆమె కళ్లద్దాలు సవరించుకుని కాసేపు చూసి నవ్వింది.

"ఈ చీపురు నాది కాదబ్బయా. ఫొటో తీసేదానికి వచ్చినాయన ఎవురింట్లోవో తెప్పించి తలా ఒకటి చేతికిచ్చాడు. మండలాఫీసుకు పోతా చీపుర్లెందుకు ఎత్తకపోతాం? మేం ఎత్తకపోయింది అర్జీ."

అర్జీలో ఏం రాశారని అడిగాను.

"మూడు రాసినాం. సారా అంగడి ఎత్తేయాలని ఒకటి. బోరింగు చెడిపోయి ఎన్నాళ్లయిందో, అది బాగుచేయాలని ఒకటి. చెరువు పనికి ఆడోళ్లకీ మొగోళ్లకీ కూలి సమానంగా ఇయ్యాలని ఒకటి. పేపర్లో సారా ఒకటే పడింది."

ఆ మూడులో రెండు ఎక్కడ పోయాయి? ఈ వ్యాసం రాయడానికి ఆ ప్రశ్నే కారణం. పత్రికలూ ఉద్యమాలూ అనగానే మనం సాధారణంగా మాట్లాడుకునేది పత్రికలు ఉద్యమాలకు చేసే అన్యాయం గురించి. పట్టించుకోకపోవడం, తక్కువ చేయడం, రాళ్లు విసిరిన పదిమందిని చూపించి పదివేల మందిని దాచేయడం. నెల్లూరు సారా వ్యతిరేక ఉద్యమం కథ వేరు. తెలుగు పత్రికారంగం ఒక ఉద్యమాన్ని ఇంతగా నెత్తికెత్తుకున్న సందర్భాలు వేళ్లమీద లెక్కపెట్టొచ్చు. అందుకే అడగాలనిపిస్తుంది: పత్రిక ప్రేమించిన ఉద్యమానికి ఏమవుతుంది?

*

ముందు కథ క్లుప్తంగా.

సారా మన పల్లెలకు కొత్త కాదు. కానీ 1980లలో తెలుగుదేశం ప్రభుత్వ హయాంలో వచ్చిన 'వారుణి వాహిని' పథకం దాన్ని ప్యాకెట్‌లోకి ఎక్కించింది. ప్రభుత్వ సారా పాలిథిన్ ప్యాకెట్లలో పల్లెపల్లెకూ చేరింది. ఊరి బయట అంగడిదాకా నడిచి వెళ్లాల్సిన సరుకు ఇంటి గడపకే వచ్చింది. ఏటా వేలం పాటలు, కాంట్రాక్టర్లు, వాళ్ల వెనక రాజకీయ నాయకులు, వాళ్లందరి వెనక ఖజానా. తర్వాత వచ్చిన కాంగ్రెస్ ప్రభుత్వాలు కూడా ఆ ఆదాయాన్ని వదులుకోలేదు.

1991లో నెల్లూరు జిల్లాలో సంపూర్ణ అక్షరాస్యతా ఉద్యమం మొదలైంది. సాయంత్రం పూట పలకలు పట్టుకుని ఆడవాళ్లు ఒకచోట చేరడం అనే చిన్న విషయం ఎంత పెద్దదో అప్పుడు ఎవరూ ఊహించి ఉండరు. ఆ చదువుల్లోనే, కలిగిరి మండలం దూబగుంటలో ఆడవాళ్లు కలిసి సారా దుకాణం మూయించిన సంగతి 'ఆడవాళ్లు ఏకమైతే' అనే పాఠంగా వచ్చింది. ఆ పాఠం చదివిన ఊళ్లలో ఒకటే మాట: వాళ్లు చేయగా లేంది మనం చేయలేమా? ఒక ఊరి వార్త పాఠమైంది, పాఠం పక్క ఊళ్లలో మళ్లీ వార్తయింది. 1992 రెండో సగానికి జిల్లాలో ఊరూరా దుకాణాలు మూతపడుతున్నాయి. నెల్లూరులో సారా వేలం జరగనివ్వకుండా ఆడవాళ్లు బైఠాయించారు. వేలం పలుమార్లు వాయిదా పడింది. అప్పటి ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దనరెడ్డిది ఇదే జిల్లా అన్న సంగతి కూడా గుర్తుపెట్టుకోవాలి.

ఇక్కడ ఒక విషయం గమనించాలి. ఉద్యమాన్ని ఊరు దాటించిన మొదటి 'మీడియా' దినపత్రిక కాదు, వాచకం. ఆడవాళ్లు తమకోసం, తాము కూడబలుక్కుని చదువుకున్న నాలుగు పేజీలు. అందులో పాఠకురాలూ కథానాయికా ఒకటే వాడలో ఉంటారు. దినపత్రిక వచ్చింది ఆ తర్వాత. వచ్చాక పాఠకులు మారిపోయారు. ఇప్పుడు చదివేది నెల్లూరు ట్రంకురోడ్డులో, విజయవాడలో, హైదరాబాదులో పొద్దున్నే కాఫీ తాగే మనిషి. ఉద్యమం ఆ మనిషికి అర్థమయ్యేలా కనబడాలి.

*

'ఈనాడు' 1974లో విశాఖపట్నంలో మొదలైంది. 1980ల చివరికి జిల్లాకొక ప్రత్యేక అనుబంధం, అంటే మనం 'టాబ్లాయిడ్' అని పిలుచుకునే జిల్లా పేజీలు మొదలుపెట్టింది. దీని ప్రభావం ఎంతటిదో రాబిన్ జెఫ్రీ భారతీయ భాషా పత్రికల మీద రాసిన పుస్తకం చదివినవాళ్లకు తెలుసు. అంతవరకూ మండల కేంద్రంలో జరిగింది రాజధాని ఎడిషన్‌కు ఎక్కాలంటే బస్సు లోయలో పడాలి, లేదా మంత్రి రావాలి. జిల్లా పేజీలు వచ్చాక రోజూ ఎనిమిదో పన్నెండో పేజీలు నిండాలి. మండలానికొక కంట్రిబ్యూటర్ తయారయ్యాడు. అతనిది జీతం కాదు, లైన్ అకౌంట్. ఎంత పొడుగు అచ్చయితే అంత లెక్క. బోరింగు చెడిపోవడం, పంతులు బడికి రాకపోవడం కూడా వార్తలయ్యాయి.

సారా పోరాటం ఈ యంత్రానికి సరిగ్గా సమయానికి దొరికింది. 'ఈనాడు' దాన్ని జిల్లా పేజీల్లోంచి మొదటి పేజీకి తెచ్చింది, ప్రత్యేకంగా పేజీలు కేటాయించింది, సంపాదకీయాలు రాసింది, కార్టూన్లు వేసింది. ఈ రోజు ఏ ఊళ్లో ఏమైందో తెల్లారేసరికి వంద ఊళ్లకు తెలిసింది. దీన్ని తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. ఆ పేజీలు లేకపోతే ఒక్కో ఊరినీ ఒక్కో కాంట్రాక్టరు మనుషులు విడివిడిగా అణిచేసేవాళ్లేమో. లాఠీ ఎత్తబోయిన ఎస్సై కూడా రేపు పేపర్లో వస్తుందని ఒక క్షణం ఆగి ఉంటాడు. ఆ ఒక్క క్షణం విలువ, ఎదురుగా నిలబడ్డ ఆడవాళ్లకే తెలుస్తుంది.

ఈ ప్రేమ వెనక కారణాలేమిటని అప్పుడే కొందరు అడిగారు. పత్రికకు తెలుగుదేశంతో ఉన్న సాన్నిహిత్యం, అధికారంలో ఉన్నది కాంగ్రెస్ కావడం ఒకటి. పోటీ పత్రిక 'ఉదయం' ఆ రోజుల్లో నెల్లూరు ప్రాంతపు మద్యం వ్యాపారి, ఎంపీ మాగుంట సుబ్బరామిరెడ్డి చేతిలో ఉండటం ఇంకొకటి. కారణాలు మనుషుల మనసుల్లో ఉంటాయి, వాటిని రుజువు చేయలేం. పైగా ఉద్దేశం మంచిదా చెడ్డదా అన్నది నా ప్రశ్నకు ముఖ్యం కాదు. పూర్తిగా మంచి ఉద్దేశంతో రాసినా, ఆ కంట్రిబ్యూటర్ చేతికి చీపురే ఇచ్చేవాడు.

ఎందుకు?

ఎందుకంటే చీపురు చెప్పే కథ వెంటనే అర్థమవుతుంది. ఆమె ఇల్లాలు. ఓర్చుకుని ఓర్చుకుని ఇక ఓర్చుకోలేక, ఇంటి చెత్తను ఊడ్చినట్టు ఊరి చెత్తను ఊడ్చడానికి బయటికొచ్చింది. పని కాగానే ఇంటికెళ్లిపోతుంది. కాఫీ తాగే మనిషి కంటతడి పెట్టుకుంటాడు, భయపడడు. అదే ఫొటోలో చేతిలో అర్జీ ఉంటే? అందులో సమాన కూలి అని రాసుంటే? ఆ మనిషికి నెల్లూరు పక్కన పదెకరాల మాగాణి ఉంటే? అప్పుడు అది కన్నీళ్ల కథ కాదు, కూలిరేట్ల తగాదా.

1992 నవంబరులోనే ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో కంచ ఐలయ్య, కె. బాలగోపాల్ ఈ ఉద్యమం మీద వేర్వేరు వ్యాసాలు రాశారు. 1993 జనవరిలో అదే పత్రికలో అన్వేషి బృందం, నెల్లూరు పల్లెల ఆడవాళ్లు రాజకీయాలకే కొత్త అర్థం చెప్తున్నారని రాసింది. ఆ తర్వాత సూసీ తారు, తేజస్విని నిరంజన కలిసి రాసిన ఒక ప్రసిద్ధ వ్యాసం, ఈ ఆడవాళ్లను ఎవరెవరు ఏ రూపంలో చూశారో పరిశీలించింది. ఒకరికి వాళ్లు శక్తిస్వరూపిణులు, ఒకరికి గాంధేయులు, ఒకరికి కుటుంబాన్ని కాపాడుకునే మాతృమూర్తులు. ఈ రూపాలన్నిటిలోనూ కులం కనబడదు, కూలి కనబడదు.

మా పెద్దమ్మ ఆ వ్యాసాలేవీ చదవలేదు. అయినా ఆ మాటే చెప్పింది. "ముందు కదిలింది వాడలోని ఆడోళ్లబ్బయా. రాత్రి బడికి పొయ్యేది వాళ్లే గదా. మేం రెండ్రోజులు వాకిట్లో నిలబడి చూసినాం. ఆ తర్వాత పోయినాం." ఫొటో కింద మాత్రం 'గ్రామ మహిళలు' అనే ఉంది. ఊళ్లో వాడకీ ఊరికీ మధ్య ఉన్న దూరం, ఆ రెండ్రోజుల ఆలస్యం, చివరికి వాకిలి దాటి వెళ్లి కలవడం - నిజానికి ఆ ఊళ్లో జరిగిన అసలు సంగతి అదే. ఆ రెండు మాటల్లో అది మాయమైపోయింది.

*

ఇది ఒక్క తెలుగు పత్రికల జబ్బు కాదు. 1968 అక్టోబరు 27న లండన్‌లో వియత్నాం యుద్ధానికి వ్యతిరేకంగా పెద్ద ప్రదర్శన జరిగింది. అంతకుముందు కొన్ని వారాలుగా అక్కడి పత్రికలు హింస తప్పదని రాస్తూ వచ్చాయి. ఆ రోజు వేలమంది ప్రశాంతంగా నడిచి వెళ్లారు. గ్రోవనర్ స్క్వేర్ దగ్గర ఒక చిన్న గుంపు మాత్రం పోలీసులతో తలపడింది. వార్త ఆ చిన్న గుంపు చుట్టూనే తిరిగింది. లెస్టర్ విశ్వవిద్యాలయానికి చెందిన హాలొరాన్, ఎలియట్, మర్డాక్ దీన్ని పరిశీలించి 1970లో పుస్తకం తెచ్చారు. వాళ్లు తేల్చింది, పత్రికలు అబద్ధం రాశాయని కాదు. కథ ముందే రాసిపెట్టుకుని, దానికి సరిపోయేది దొరికేదాకా వెతికాయని.

నెల్లూరులోనూ కథ ముందే ఉంది. తేడా ఒక్కటే, లండన్ కథలో ఉద్యమకారుడు గూండా, మన కథలో దేవత. గూండా, దేవత ఇద్దరిలో ఎవరితోనూ మనం కూర్చుని మాట్లాడం. ఒకర్ని పోలీసులకు అప్పజెప్తాం, ఇంకొకరికి దణ్ణం పెడతాం.

మన దగ్గరే గూండా కథకు కూడా ఉదాహరణ ఉంది. అవే సంవత్సరాల్లో ఉత్తర తెలంగాణ పల్లెల్లో పీపుల్స్‌వార్ పార్టీ సారా అమ్మకాలను ఆపించింది. అక్కడా ఆడవాళ్లు దుకాణాల మీదికి వెళ్లారు. అక్కడ ప్రభుత్వం పోలీసు కాపలాలో సారా అమ్మించిందని పౌరహక్కుల సంఘాలవాళ్లు చెప్తూ వచ్చారు. 1992 మే నెలలో రాష్ట్ర ప్రభుత్వం ఆ పార్టీని నిషేధించింది. అదే సారా, అదే తాగుడు, అవే దెబ్బలు. కానీ కరీంనగర్ పల్లెలో దుకాణం పగలగొట్టిన ఆడమనిషి మాతృమూర్తి కాలేకపోయింది. ఆమె కథ శాంతిభద్రతల ఖాతాలోకి పోయింది. దేవతగా కనబడాలంటే వెనక ఏ పార్టీ నీడా ఉండకూడదు, చేతిలో చీపురు తప్ప ఇంకేమీ ఉండకూడదు.

టాడ్ గిట్లిన్ అనే అమెరికన్ రచయిత 1960లలో తాను స్వయంగా పనిచేసిన విద్యార్థి సంస్థ గురించి 1980లో ఒక పుస్తకం రాశాడు. మీడియా వెలుగు పడ్డాక ఆ సంస్థలో కొందరు సెలెబ్రిటీలయ్యారనీ, వాళ్లకీ కింది కార్యకర్తలకీ మధ్య దూరం పెరిగిందనీ చెప్తాడు. సారా ఉద్యమానికి కూడా ఒక ముఖం కావలసి వచ్చింది. దూబగుంట రోశమ్మ ఆ ముఖమయ్యారు. ఆమె ఇంటిపేరు వర్ధినేని. ఆ పేరు ఎంతమందికి తెలుసు? ఊరే ఇంటిపేరైపోయింది. అది గౌరవమే. కానీ ఒక ఊరు ఒక మనిషికి ఇంటిపేరయ్యాక ఆ ఊళ్లో మిగిలిన ఆడవాళ్ల పేర్లు అడిగేవాళ్లు తగ్గిపోతారు. ఒక దూబగుంట ఉద్యమానికి గుర్తయ్యాక మా పెద్దమ్మ ఊరిలాంటి వందల ఊళ్లు 'తదితర గ్రామాలు' అయిపోతాయి.

*

ఉద్యమం గెలిచింది. నెల్లూరు జిల్లాలో 1993 ఏప్రిల్ నుంచి, కోట్ల విజయభాస్కరరెడ్డి ప్రభుత్వం చేతుల మీదుగా అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. సంపూర్ణ మద్యనిషేధం హామీతో ఎన్టీఆర్ 1994 డిసెంబరులో తిరిగి అధికారంలోకి వచ్చారు. 1995 జనవరి నుంచి అదీ అమలైంది. ప్యాకెట్ సారాను గడపగడపకూ పంపిన పార్టీయే మద్యాన్ని నిషేధించడం కూడా ఈ చరిత్రలో ఒక భాగం.

1997లో చంద్రబాబునాయుడు ప్రభుత్వం నిషేధాన్ని ఎత్తేసింది. ఆ నాటి చర్చ గుర్తున్నవాళ్లకు గుర్తుండే మాటలు: ఖజానా లోటు, గుడుంబా, పక్క రాష్ట్రాల నుంచి స్మగ్లింగ్, అమలు సాధ్యం కాకపోవడం. ఇవన్నీ అబద్ధాలు కావు. కానీ చూడండి, మాట్లాడేవాళ్లు మారిపోయారు. 1992లో కథ చెప్పింది ఆడవాళ్ల ముఖాలు, 1997లో కథ చెప్పింది అంకెలు. ఐదేళ్ల కింద ప్రభుత్వాన్ని వణికించిన ఆ ఆడవాళ్లు ఎక్కడికి పోయారని అడిగే అవసరం చాలామందికి కలగలేదు. ఎందుకంటే పాఠకుడి మనసులో ఆ కథ అయిపోయింది. దేవత వచ్చింది, రాక్షసుణ్ని చంపింది, గుళ్లోకి వెళ్లిపోయింది.

కూలి అడిగిన మనిషైతే మళ్లీ రావచ్చు. రేపు కూడా కూలి ఉంటుంది కాబట్టి. బోరింగు అడిగిన మనిషీ మళ్లీ వస్తుంది. ఆ రెండు కోరికలూ వార్తలో ఉండి ఉంటే, సారా దుకాణం అనేది ఆ ఊరి మొత్తం అన్యాయానికి ఒక కొస మాత్రమేనని పాఠకుడికి తెలిసేది. నిషేధం ఎత్తేసిన రోజు ఆ కొస పట్టుకుని మిగతాది అడిగే అవకాశం ఉండేది. పత్రిక ఉద్యమానికి అబద్ధం అంటగట్టలేదు. దాన్ని ఒకే కోరికకు కుదించింది, అంతే. ఒకే కోరిక ఉన్న ఉద్యమాన్ని ముగించడం సులువు. ఆ ఒక్కటీ ఇచ్చేయొచ్చు, ఇచ్చింది తీసేసుకోవచ్చు.

"మళ్లీ అంగళ్లు తెరిచినప్పుడు మీరేం చేయలేదా?" అని అడిగాను పెద్దమ్మని.

"చేయకేం. మళ్లీ పోయినాం మండలాఫీసుకి. ఈసారి ఎవురూ రాలా ఫొటో తీసేదానికి."

ఇంతే చెప్పింది. నిష్ఠూరం కూడా లేదు గొంతులో.

*

ఇప్పుడు మన చేతుల్లో ఫోన్లున్నాయి. ఏ ధర్నా అయినా పది నిమిషాల్లో మన ముందుకొస్తుంది. ఎవరి చేతిలో ఏముందో మనమే చూస్తున్నామనుకుంటాం. నేనూ అలాగే అనుకుని చాలా ఫొటోలు షేర్ చేశాను. పోలీసుకు పువ్విచ్చే అమ్మాయి, ట్రాక్టర్ మీద ముసలి రైతు, ఎర్రజెండా పట్టుకుని పగిలిన పాదాలతో నడిచిన ఆదివాసీ తల్లి. 2018లో మహారాష్ట్ర రైతులు నాసిక్ నుంచి ముంబైకి నడిచి వచ్చినప్పుడు ఆ పాదాల ఫొటోలు చూసి మనమంతా కదిలిపోయాం. వాళ్ల కోరికల్లో అటవీ హక్కుల చట్టం కింద సాగుభూమికి పట్టాలు ఒకటి. ఆ పాదాలు గుర్తున్నంతగా ఆ పట్టాల సంగతి నాకు గుర్తులేదు. ఈ వ్యాసం రాయబోతూ మళ్లీ వెతుక్కుని చదివాను. చీపురు చేతికిచ్చిన ఆ ఫొటోగ్రాఫర్ మీద కోపం తెచ్చుకునే హక్కు నాకు ఎంత ఉందో తెలీదు.

కటింగ్‌ను ఫోన్‌తో ఫొటో తీస్తుంటే పెద్దమ్మ వేలు పెట్టి కుడివైపు అంచు చూపించింది. ఇన్నేళ్లుగా నేను గమనించలేదు. ఏడో మనిషి పక్కన, ఫొటో తెగిపోయిన చోట, ఒక మోచెయ్యి ఉంది. మోచెయ్యీ, దాన్ని ఆనుకుని కాస్త రవిక అంచూ.

"ఈ చెయ్యి ఎవురిదో తెలుసా? వాడలో ఆమెది. రాత్రి బడిలో అందరికంటే ముందు అచ్చరాలు నేర్చింది ఆమే. అర్జీ రాసింది ఆమే. అది ఆమె చేతిలోనే ఉండె."

పేరు చెప్పింది. ఆమె ఇప్పుడు లేదట. అడిగి అనుమతి తీసుకోలేను కాబట్టి ఇక్కడ రాయడం లేదు. నా ఫోన్‌లోని ఫొటోకి మాత్రం ఆ పేరే పెట్టుకున్నాను.